మదరసా పెత్తనం ఎవరిది?

ఉత్తరప్రదేశ్ మదరసా విద్యా బోర్డు చట్టం చెల్లదని అలహాబాద్ హైకోర్టు 2024 మార్చి 22న తీర్పు చెప్పినప్పుడు దేశమంతా దాన్ని మతానికీ లౌకికవాదానికీ మధ్య పోరుగానే చూసింది. దాదాపు 17 లక్షల మంది పిల్లల చదువు ఆ తీర్పుతో ముడిపడి ఉంది కాబట్టి అలా చూడడంలో వింతేమీ లేదు. కాని ఆ వ్యాజ్యం ఎక్కడ పుట్టిందో పట్టించుకున్నవాళ్లు తక్కువ. 2019లో అంబేద్కర్‌నగర్ జిల్లాలోని ఒక మదరసా ఉపాధ్యాయుడు తన ఉద్యోగం, జీతం తేల్చమని హైకోర్టుకు వెళ్లాడు. ఆ కేసు వింటున్న న్యాయమూర్తికి అసలు బోర్డు చట్టం మీదే అనుమానాలు కలిగాయి. ఆ ప్రశ్నలు పెద్ద ధర్మాసనానికి చేరాయి, ఒక న్యాయవాది వేసిన విడి పిటిషన్ వాటికి తోడైంది, చివరకు చట్టమే కూలింది. సుప్రీంకోర్టు 2024 ఏప్రిల్ 5న ఆ తీర్పును నిలిపివేసి, నవంబర్ 5న చట్టాన్ని తిరిగి నిలబెట్టింది. కామిల్, ఫాజిల్ అనే డిగ్రీ స్థాయి చదువులను మాత్రం యూజీసీ చట్టానికి విరుద్ధమని పక్కన పెట్టింది. ఒక మాస్టారి జీతం గొడవ మదరసాలోనో జిల్లా స్థాయిలోనో తేలిపోయి ఉంటే ఇదంతా ఇలాగే జరిగేదా అన్నది ఆలోచించదగ్గ ప్రశ్న. మదరసాల వ్యాజ్యాల్లో పైకి కనిపించేది ప్రభుత్వానికీ మైనారిటీలకూ మధ్య తగవు. అడుగున చాలాసార్లు ఉండేది కమిటీకీ ఉపాధ్యాయులకూ, పాత కమిటీకీ కొత్త కమిటీకీ, దాత కుటుంబానికీ జమాత్‌కూ మధ్య తగవు. మొదటి తగవుకు రాజ్యాంగంలో సమాధానం ఉంది. రెండోదానికి లేదు. దానికి సమాధానం మదరసా పెట్టిన రోజు రాసుకున్న కాగితంలో ఉండాలి. ఆ కాగితం లేకపోవడమో, ఉన్నా అది ఏ చట్టం కిందికి వస్తుందో తెలియకపోవడమో ఈ తగవులకు ప్రధాన కారణమన్నది నా వాదన.

ముందు రాజ్యాంగం సంగతి. మతపరమైన, భాషాపరమైన మైనారిటీలు తమకు నచ్చిన విద్యాసంస్థలు స్థాపించుకుని నడుపుకోవచ్చని 30వ అధికరణం చెబుతుంది. దీని హద్దుల మీద ఏడు దశాబ్దాలుగా తీర్పులు వస్తూనే ఉన్నాయి. నడిపే హక్కు ఉందంటే అడ్డదిడ్డంగా నడిపే హక్కు ఉన్నట్టు కాదని 1958లోనే కేరళ విద్యా బిల్లు మీద సుప్రీంకోర్టు తేల్చింది. 1974లో అహ్మదాబాద్ సెయింట్ జేవియర్స్ కాలేజీ కేసులో తొమ్మిది మంది న్యాయమూర్తులు, 2002లో టీఎంఏ పాయ్ కేసులో పదకొండు మంది అదే గీతను కొంచెం అటూ ఇటూ జరిపారు. మన రాష్ట్రం వాటా కూడా ఇందులో తక్కువేమీ కాదు. 1975 నాటి ఆంధ్రప్రదేశ్ ప్రైవేటు విద్యాసంస్థల నియంత్రణ చట్టం మీద హైదరాబాద్ ఆల్ సెయింట్స్ హైస్కూలు వాళ్లు పోరాడితే, సిబ్బందిని తొలగించడానికి అధికారుల ముందస్తు అనుమతి కావాలన్న నిబంధన మైనారిటీ సంస్థలకు వర్తించదని 1980లో సుప్రీంకోర్టు చెప్పింది. మన గుత్తి ప్రాంతం నుంచి వెళ్లిన జస్టిస్ ఓ.చిన్నపరెడ్డి 1986లో ఇచ్చిన రెండు తీర్పులు మరీ ముఖ్యం. ఆంధ్రప్రదేశ్ క్రిస్టియన్ మెడికల్ ఎడ్యుకేషనల్ సొసైటీ కేసులో, మైనారిటీ పేరు బోర్డు మీద రాసుకున్నంత మాత్రాన సరిపోదు, ముసుగు తీసి లోపల ఎవరున్నారో ప్రభుత్వమూ కోర్టూ చూడవచ్చన్నారు. ఫ్రాంక్ ఆంథోనీ స్కూలు కేసులో, మైనారిటీ స్కూలైనా ఉపాధ్యాయులకు న్యాయమైన జీతం ఇవ్వాల్సిందేనన్నారు. అంటే ఈ హక్కు సమాజానిదే తప్ప కార్యదర్శి గదిలో కూర్చున్న ఒకరిద్దరిది కాదని నలభై ఏళ్ల కిందటే ఒక తెలుగు న్యాయమూర్తి కలం నుంచి వచ్చింది. అయినా ఈ తీర్పుల్లో ఎక్కువ భాగం సంస్థకూ ప్రభుత్వానికీ మధ్య నడిచినవే. మైనారిటీ సమాజమంతా ఒక్క గొంతుతో మాట్లాడుతుందన్న ఊహ మీదే అవి నిలబడ్డాయి. ఆ గొంతులు రెండైతే ఏం చేయాలో అవి చెప్పవు.

రెండైన సందర్భానికి మంచి ఉదాహరణ బెంగాల్‌లోని కాంతి రహమానియా హై మదరసా కేసు. ప్రభుత్వ సాయం పొందే మదరసాల్లో ఉపాధ్యాయులను ఒక సర్వీస్ కమిషన్ ద్వారా ఎంపిక చేయాలని పశ్చిమ బెంగాల్ 2008లో చట్టం చేసింది. మా ఉపాధ్యాయులను మేమే ఎంచుకుంటామని మేనేజింగ్ కమిటీ కోర్టుకెక్కింది. కలకత్తా హైకోర్టు మొదట 2014లో, ధర్మాసనం 2015లో కమిటీ పక్షాన నిలిచాయి. 2020 జనవరి 6న సుప్రీంకోర్టు దాన్ని తిప్పేసి కమిషన్ చట్టం చెల్లుతుందని చెప్పింది. ఈ కథను ప్రభుత్వం గెలిచిందని, మైనారిటీ ఓడిందని చెప్పుకోవడం మామూలు. కాని సుప్రీంకోర్టుకు వెళ్లిన అప్పీలుదారులు ఎవరు? కమిషన్ ఎంపిక చేసిన ఉపాధ్యాయులు. వాళ్లలో ముస్లింలున్నారు. వాళ్ల ఉద్యోగాలు పోకుండా కాపాడుకోవడానికి వాళ్లు వెళ్లారు. కమిటీ స్వేచ్ఛ పేరుతో అడిగిన హక్కు, పరీక్ష రాసి ఎంపికైన ఒక ముస్లిం యువకుడి ఉద్యోగానికి ఎసరు తెచ్చే పరిస్థితి వచ్చింది. ఇద్దరూ మైనారిటీలే అయినప్పుడు 30వ అధికరణం ఎవరి కొమ్ము కాయాలి? సాయం తీసుకుంటున్న సంస్థలో ప్రతిభ చూడమనడం మత స్వేచ్ఛకు అడ్డు కాదని కోర్టు అన్నది. నాకు ఆ ముగింపు సబబుగానే తోస్తుంది. అయితే ఆ కమిషన్‌లో ఇస్లామిక్ ధర్మశాస్త్రం, సంస్కృతి తెలిసినవాళ్లు ఉండాలని చట్టమే చెప్పింది కాబట్టి ఆ ముగింపు నిలబడిందన్నది మరవకూడదు. అలాంటి నిబంధన లేని చోట ఇదే తీర్పును తెచ్చి అతికించడం తప్పవుతుంది.

ఇప్పుడు మన వైపు రావాలి. ఆంధ్రప్రదేశ్‌లోగాని తెలంగాణలోగాని ఉత్తరప్రదేశ్, బెంగాల్, బీహార్‌లలో ఉన్నట్టు చట్టం ద్వారా ఏర్పడిన మదరసా బోర్డు లేదు. కాబట్టి అక్కడి వ్యాజ్యాల రూపం ఇక్కడికి రాదు. గోపాలపట్నం దాటి వేపగుంట మీదుగా పెందుర్తి దాకా, పోర్టు, స్టీల్‌ప్లాంటు, రైల్వే ఉద్యోగాలతో పెరిగిన విశాఖ శివారులో మదరసా అంటే చాలాచోట్ల మసీదు పక్కన రెండు మూడు గదులు. పొద్దున బడికి ముందో సాయంత్రం బడి తర్వాతో పిల్లలు ఖురాన్ నేర్చుకునే మక్తబ్. కొంచెం పెద్దదైతే హిఫ్జ్ (ఖురాన్ కంఠస్థం) చేసే పిల్లలకు వసతి. రంజాన్ జకాత్, నెలవారీ చందా, బక్రీద్‌కు వచ్చే తోళ్ల డబ్బు (ఈ మధ్య తోళ్ల ధర పడిపోయి అది నామమాత్రమైంది) ఇవే రాబడి. సదర్ (అధ్యక్షుడు), సెక్రటరీ, ఖజాంచీ ఉంటారు. ఎన్నిక ఎప్పుడు జరుగుతుందో రాత ఉండదు, జుమ్మా నమాజు తర్వాత నలుగురు పెద్దలు కూర్చుని తేల్చేస్తారు. సదర్ బతికున్నంత కాలం, శివారు భూమికి ధర లేనంత కాలం ఈ పద్ధతి బాగానే నడుస్తుంది. ధర పెరిగిన రోజునే ఆ స్థలం ఎవరి పేర ఉంది, ఎవరు సంతకం పెట్టాలి అన్న ప్రశ్న లేస్తుంది. ఈ పాతికేళ్లలో పెందుర్తి దారిలో భూమి ధర ఏమైందో ఈ పత్రిక పాఠకులకు చెప్పనక్కర్లేదు.

ఆ ప్రశ్నకు చట్టం ఒకటి కాదు, మూడు జవాబులిస్తుంది. ఆ మదరసా సొసైటీగా నమోదైందా, ట్రస్టా, వక్ఫా అన్నదాన్ని బట్టి తగవు వినే కోర్టు మారిపోతుంది, నడిపేవాడి హోదా మారిపోతుంది, ఆస్తి యజమాని కూడా మారిపోతాడు. సొసైటీ అయితే 2001 నాటి ఆంధ్రప్రదేశ్ సొసైటీల రిజిస్ట్రేషన్ చట్టం వర్తిస్తుంది. అంతకుముందు కోస్తాకు 1860 నాటి బ్రిటిష్ చట్టం, తెలంగాణకు 1350 ఫసలీ నాటి నిజాం చట్టం వేర్వేరుగా ఉండేవి. కొత్త చట్టం 23వ సెక్షన్ ప్రకారం కమిటీలోనో సభ్యుల మధ్యనో తగవు వస్తే మధ్యవర్తిత్వ చట్టం కింద తేల్చుకోవచ్చు, లేదా జిల్లా కోర్టుకు వెళ్లవచ్చు. పబ్లిక్ ట్రస్టు అయితే సివిల్ ప్రొసీజర్ కోడ్ 92వ సెక్షన్ కింద అందులో ఆసక్తి ఉన్న ఇద్దరు వ్యక్తులు కోర్టు అనుమతితో దావా వేయవచ్చు. వక్ఫ్ అయితే ఈ రెండు దారులూ మూసుకుపోతాయి. 1995 నాటి వక్ఫ్ చట్టం 83, 85 సెక్షన్లు దాన్ని ట్రిబ్యునల్‌కు అప్పగిస్తాయి. ముతవల్లిని (వక్ఫ్ నడిపేవాడిని) నియమించడం, తొలగించడం, నిర్వహణ పథకం రాయడం వక్ఫ్ బోర్డు చేతిలో ఉంటాయి. అందుకే ఇలాంటి కేసుల్లో తొలి రెండు మూడేళ్లు అసలు తగవు ఊసే ఉండదు. ఒక వర్గం ఇది సొసైటీ అంటుంది, ఇంకో వర్గం వక్ఫ్ అంటుంది. సరిగా నడిపింది ఎవరు, పైసలు ఏమయ్యాయి అన్నది ఆ తర్వాత, ఓపిక మిగిలితే.

వక్ఫ్ అని తేలితే ముతవల్లి ఎంతటివాడన్న విషయంలో చట్టం శతాబ్దం కిందటే స్పష్టంగా ఉంది. వక్ఫ్ ఆస్తి దైవానికి చెందుతుంది, ముతవల్లి దానికి మేనేజరు మాత్రమే, ఇంగ్లిషు చట్టం చెప్పే ట్రస్టీ కూడా కాదు అని 1921లో విద్యావారుతి తీర్థ కేసులో ప్రీవీ కౌన్సిల్ చెప్పింది. ముస్లిం ధర్మశాస్త్రంలో ముతవల్లి పదవి మామూలుగా వారసత్వంగా రాదు. వక్ఫ్‌నామాలో దాత రాసి ఉంటేనో, ఆనవాయితీ రుజువైతేనో తప్ప కొడుకు కాబట్టి కొడుకే అన్నది నిలవదు. ఒకసారి వక్ఫ్ అయితే ఎప్పటికీ వక్ఫే అన్న సూత్రాన్ని ఆంధ్రప్రదేశ్ వక్ఫ్ బోర్డు కక్షిదారుగా ఉన్న సయ్యద్ అలీ కేసులో 1998లో సుప్రీంకోర్టు మళ్లీ చెప్పింది. అయినా పాత మదరసాల్లో మూడో తరం వాళ్లు తాతగారి స్థలమంటూ మాట్లాడడం మామూలే. వాళ్ల దగ్గర ఉన్నది తాత ఇచ్చిన దానం తాలూకు గౌరవం. దాన్ని హక్కుగా పొరబడతారు.

ఈ మొత్తం వ్యవహారంలో మనకు గర్వంగానూ చేదుగానూ గుర్తుండాల్సిన పేరు సుగ్రా హుమాయూన్ మీర్జా. ఉర్దూ రచయిత్రి, సంపాదకురాలు. హైదరాబాద్‌లో ముస్లిం ఆడపిల్లల కోసం 1934లో మదరసా సఫ్దరియా పెట్టి, దానికి ఆస్తి వక్ఫ్ చేసిన మహిళ. ఆమె వక్ఫ్ పేరు ఇవాళ లా కాలేజీల్లో వినిపిస్తుంది, కాని ఆడపిల్లల చదువు వల్ల కాదు. ఆ వక్ఫ్ ఆస్తిలో ఉన్న అద్దెదారులను ఖాళీ చేయించే కేసు ట్రిబ్యునల్ వినాలా, సివిల్ కోర్టు వినాలా అన్నదాని మీద సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. ఖాళీ చేయించే దావా సివిల్ కోర్టుదేనని 2010లో రమేష్ గోబింద్‌రామ్ కేసులో జస్టిస్ టి.ఎస్.ఠాకూర్ రాశారు. ఆ ఒక్క తీర్పుతో దేశంలోని ఎన్నో వక్ఫ్ కేసులు ట్రిబ్యునళ్ల నుంచి సివిల్ కోర్టులకు మారాల్సి వచ్చింది. పార్లమెంటు 2013లో చట్టం సవరించి అద్దెదారుల తగవులను మళ్లీ ట్రిబ్యునల్‌కు ఇచ్చింది. 2021లో రషీద్ వలీ బేగ్ కేసులో సుప్రీంకోర్టు ఆ సవరణ ఎంత విస్తృతమో వివరించింది. ఏ గుమ్మం ఎక్కాలన్నది తేలడానికే ఇన్నేళ్లు పట్టింది. ఆ అద్దె రావాల్సింది మాత్రం దాత తలపెట్టిన పనులకు.

మరి ట్రిబ్యునల్ గుమ్మం పెందుర్తి మనిషికి ఎంత దూరం? రాష్ట్ర విభజన తర్వాత ఆంధ్రప్రదేశ్ వక్ఫ్ ట్రిబ్యునల్‌ను కర్నూలులో పెట్టారు. విశాఖ నుంచి దాదాపు ఏడు వందల కిలోమీటర్లు. ఒక మక్తబ్ కమిటీ లెక్కలు చూపించమని అడగడానికి చందా కట్టే ఆటో డ్రైవరు అంత దూరం వాయిదాలకు తిరగగలడా? ఇక వక్ఫ్ బోర్డు సంగతి. 2023 అక్టోబర్‌లో ప్రభుత్వం ఏర్పాటు చేసిన బోర్డు ఛైర్మన్ ఎన్నిక హైకోర్టు స్టేతో ఆగిపోయింది. బోర్డు పని చేయని స్థితిలోనే చాలా కాలం గడిచి, 2024 నవంబర్ 30న కొత్త ప్రభుత్వం ఆ ఉత్తర్వును ఉపసంహరించుకుంది. ఎవరి తప్పు ఎంత అన్న రాజకీయ వాదన జోలికి నేను పోను. ముతవల్లులను నియమించాల్సిన, తొలగించాల్సిన, లెక్కలు అడగాల్సిన సంస్థ తన ఛైర్మన్ ఎవరో తేల్చుకోలేక కూర్చుంటే కింద ఉన్న కమిటీలు ఎవరికి జవాబు చెబుతాయి? తన నిర్వహణ తగవునే తీర్చుకోలేని బోర్డు ఇతరుల నిర్వహణ తగవులు తీర్చాలనడం మన వ్యవస్థలోని పెద్ద వెక్కిరింత.

ఈ పరిస్థితిని 2025 ఏప్రిల్ 8 నుంచి అమల్లోకి వచ్చిన వక్ఫ్ సవరణ చట్టం ఇంకా మార్చింది. దాని మీద జరిగిన రచ్చ అంతా బోర్డులో ముస్లిమేతరుల గురించీ కలెక్టరు అధికారాల గురించీ. 2025 సెప్టెంబర్ 15న సుప్రీంకోర్టు ప్రభుత్వ ఆస్తి అవునా కాదా అని అధికారి తేల్చే నిబంధనలతో సహా కొన్నిటిని నిలిపివేసింది, చట్టం మొత్తాన్ని నిలిపివేయలేదు. కాని మదరసా నడిపేవాళ్లకు ఎక్కువ పనికొచ్చే రెండు సంగతులు ఆ రచ్చలో వినపడలేదు. ఒకటి: ముస్లింలు ఇతర చట్టాల కింద పెట్టుకున్న ట్రస్టులు వక్ఫ్ లాంటి పనే చేస్తున్నా వక్ఫ్ చట్టం వాటికి వర్తించదని 2ఏ సెక్షన్ చెబుతోంది. అంటే ఒక మదరసా ట్రస్టో వక్ఫో అన్న పాత తగవు ఇప్పుడు మరింత ఖరీదైనది. బోర్డు పర్యవేక్షణ ఇష్టం లేనివాళ్లు ట్రస్టు అంటారు, ట్రస్టీలను దింపాలనుకునేవాళ్లు వక్ఫ్ అంటారు. రెండోది: గడువులోగా నమోదు కాని వక్ఫ్ తన హక్కు కోసం దావా వేయడానికి వీల్లేదు, ఆలస్యానికి తగిన కారణం చూపి కోర్టును ఒప్పిస్తే తప్ప. కేంద్రం 2025 జూన్ 6న వక్ఫ్ ఆస్తుల కోసం తెరిచిన ఉమీద్ పోర్టల్‌లో వివరాలు ఎక్కించడానికి ఇచ్చిన ఆరు నెలల గడువును అందరికీ పొడిగించడానికి డిసెంబర్ 1న సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు, కావలసినవాళ్లు ట్రిబ్యునల్‌కు వెళ్లమంది. కాగితం లేని మదరసా మీద ఆక్రమణదారుడు కన్నేస్తే కోర్టు తలుపు కూడా తట్టలేని పరిస్థితి ఇది. ఈ నిబంధన కఠినమైనది, పేద మక్తబ్‌లకు అన్యాయం కూడా. కాని అది అమల్లో ఉంది.

ఇవన్నీ కోర్టుల దాకా ఎందుకు పోవాలి, దీన్‌కు సంబంధించిన సంగతి ఆలిములు (మత పండితులు) తేల్చాలి అనేవాళ్లు చాలామంది ఉన్నారు. గౌరవించదగ్గ అభ్యంతరం. అయితే ఆలిముల మధ్యనే తగవు వచ్చినప్పుడు ఏమైందో చరిత్ర చెబుతోంది. 1866లో మొదలైన దేవబంద్ దారుల్ ఉలూమ్ 1980 మార్చిలో, ఆలస్యంగానైనా ఘనంగా, శతవార్షికోత్సవం చేసుకుంది, ఇందిరాగాంధీ కూడా వెళ్లారు. రెండేళ్లు తిరక్కముందే అర్ధశతాబ్దం మొహతమిమ్‌గా (సంస్థాధిపతిగా) ఉన్న ఖారీ ముహమ్మద్ తయ్యబ్‌కూ, షూరాకూ (పాలక మండలికీ) మధ్య పెత్తనం ఎవరిదన్న గొడవ ముదిరింది. 1982 మార్చిలో షూరా పక్షం ప్రాంగణాన్ని చేజిక్కించుకుంది. తయ్యబ్ ఆగస్టులో రాజీనామా చేశారు. ఆయన పక్షం అదే ఊళ్లో దారుల్ ఉలూమ్ వక్ఫ్ పేరుతో వేరే మదరసా పెట్టుకుంది. అదే 1866లో పుట్టిన సహరన్‌పూర్ మజాహిర్ ఉలూమ్ కూడా 1980లలో రెండుగా చీలింది, అక్కడ గొడవ సూటిగా మన ప్రశ్న మీదే: మదరసాను సొసైటీగా రిజిస్టరు చేయాలా, వక్ఫ్‌గానే ఉంచాలా. ఉపఖండంలోనే పేరెన్నికగన్న పండితులు ఉన్న చోట, ధర్మశాస్త్రం నేర్పే చోటే, ఎవరి మాట చివరి మాట అన్నది రాతలో తేలకపోతే పాండిత్యం కాపాడలేకపోయింది. 2011లో గులాం ముహమ్మద్ వస్తాన్వీ జనవరిలో దేవబంద్ మొహతమిమ్‌గా ఎన్నికై జూలైలో తొలగింపుకు గురైనప్పుడు మళ్లీ సంక్షోభం వచ్చింది, కాని ఈసారి సంస్థ చీలలేదు. నియమించి తొలగించే అధికారం షూరాదేనన్నది 1982 తర్వాత స్థిరపడిపోవడమే అందుకు కారణమని నేననుకుంటాను. వస్తాన్వీని తీసేయడం సరైనదా కాదా అన్నది వేరే చర్చ.

పైగా ఆలిముల మాటకు చట్టం చోటివ్వలేదనడం సరికాదు. దారుల్ ఖజాల (షరియా పంచాయతీల) ఫత్వాలకు చట్టబద్ధమైన బలం లేదని 2014లో విశ్వలోచన్ మదన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పిన మాట నిజమే. కాని మన సొసైటీల చట్టం 23వ సెక్షన్ మధ్యవర్తిత్వానికి దారి తెరిచే ఉంచింది. తగవు వస్తే ఫలానా ముగ్గురు ఆలిములు మధ్యవర్తులని బైలాలో ముందే రాసుకుంటే, వాళ్లు ఇచ్చిన అవార్డు కోర్టు డిక్రీలా అమలవుతుంది. ఫత్వాకు లేని బలం అవార్డుకు ఉంది. ఎన్ని మదరసా సొసైటీల బైలాల్లో ఈ ఒక్క వాక్యం ఉంటుంది? రిజిస్ట్రేషన్ ఏజెంటు ఇచ్చిన నమూనా బైలా మీద సంతకాలు పెట్టేసే పద్ధతి మసీదుకూ అపార్ట్‌మెంట్ సంఘానికీ ఒకేలా ఉంది.

రెండో అభ్యంతరం ఇంకా బరువైనది. లెక్కలు, నమోదు, పారదర్శకత అనే మాటలన్నీ ప్రభుత్వం మదరసాల్లో చొరబడడానికి సాకులు అంటారు. ఆ భయం ఊహల్లోంచి పుట్టింది కాదు. అస్సాం ప్రభుత్వం 2020లో చట్టం చేసి తాను నడుపుతున్న మదరసాలను మామూలు స్కూళ్లుగా మార్చేసింది, 2022 ఫిబ్రవరి 4న గౌహతి హైకోర్టు దాన్ని సమర్థించింది. విద్యాహక్కు చట్టం పాటించని మదరసాల గుర్తింపు తీసేయాలంటూ బాలల హక్కుల జాతీయ కమిషన్ రాసిన లేఖలను 2024 అక్టోబర్ 21న సుప్రీంకోర్టు నిలిపివేయాల్సి వచ్చింది. మదరసాలకూ వేద పాఠశాలలకూ ఆ చట్టం వర్తించదని 2012 సవరణ స్పష్టంగా చెబుతుంటే అలాంటి లేఖలు రాయడమే తప్పు. కాబట్టి ఏం నేర్పాలి, ఎవరు నడపాలి అన్నది ప్రభుత్వం తేల్చకూడదన్న పట్టుదలతో నాకు పేచీ లేదు. కాని ఈ కేసుల్లో గెలిచినవాళ్లు ఎలా గెలిచారు? కాగితాలు సరిగా ఉన్నవాళ్లు, కమిటీ ఎవరిదో తేలినవాళ్లు కోర్టుకు వెళ్లగలిగారు కాబట్టి. లోపల రెండు వర్గాలు కొట్టుకుంటున్న సంస్థ పక్షాన ఎవరు వకాల్తా సంతకం పెడతారు? చొరబాటుకు సాకు దొరికేది లెక్కలు ఉన్న చోట కాదు, లేని చోట. పాకిస్తాన్‌లో మదరసాల వాళ్లే ఈ సంగతి గ్రహించారు. 2019 ఏర్పాటు ప్రకారం విద్యాశాఖ కిందికి పోవడం ఇష్టం లేని మౌలానా ఫజ్లుర్ రహమాన్ పక్షం పోరాడి 2024 డిసెంబర్‌లో సాధించుకున్నది ఏమిటంటే, 1860 నాటి అదే పాత సొసైటీల చట్టం కింద నమోదు కావడం, దాంతోపాటు ఏటా ఆడిట్ చేసిన లెక్కలు ఇవ్వడం. ప్రభుత్వ పెత్తనానికి దూరంగా ఉండడానికి వాళ్లు ఎంచుకున్న దారిలో లెక్కలు చూపడం ఒక భాగం.

మూడో మాట కొందరు మెల్లిగా అంటారు: మా వాళ్లనే ఎందుకు అడుగుతారు, గుడుల సంగతి, మఠాల సంగతి ఏమిటి? అడగాల్సిందే. పెందుర్తి పరిసరాల్లో ఈ ప్రశ్నకు ఉదాహరణలు వెతకనక్కర్లేదు. సింహాచలం దేవస్థానం భూముల మీద వేపగుంట, చీమలాపల్లి, వెంకటాపురం, పురుషోత్తపురం, అడవివరం పంచగ్రామాల సమస్య దశాబ్దాలుగా నలుగుతోంది. ఇళ్లు కట్టుకున్న వేల కుటుంబాల జీవితం ఒక ధార్మిక సంస్థ పట్టా మీద వేలాడుతోంది. పి.వి.జి.రాజు 1958లో పెట్టిన, కాలేజీలూ స్కూళ్లూ నడిపే విజయనగరం మాన్సాస్ ట్రస్టుకు 2020 మార్చిలో ప్రభుత్వం ఛైర్మన్‌ను మార్చింది, 2021 జూన్ 14న హైకోర్టు ఆ ఉత్తర్వులను కొట్టేసి అశోక్ గజపతిరాజును తిరిగి కూర్చోబెట్టింది. పెందుర్తి దగ్గరి చినముషిడివాడలో ఉన్న శారదాపీఠానికి వేద పాఠశాల కోసమని 2021లో భీమిలి వైపు ఎకరం లక్ష చొప్పున ఇచ్చిన 15 ఎకరాల కేటాయింపును 2024లో వచ్చిన ప్రభుత్వం రద్దు చేసింది. అన్నిటిలోనూ ఉన్నది ఒకటే: ఆస్తి సమాజం పేర, పెత్తనం కొద్దిమంది చేతిలో, అధికారంలోకి వచ్చిన ప్రతి ప్రభుత్వానికీ వేలు పెట్టే అవకాశం. మాన్సాస్ కేసు మనకు ఇంకొకటి చెబుతుంది. వారసత్వ వరస ఏమిటో రాతలో ఉంది కాబట్టే హైకోర్టు ఏడాదిన్నర లోపే ఒక జవాబు ఇవ్వగలిగింది. వారసత్వం మంచిదని నేననడం లేదు, నాకు అది నచ్చదు కూడా. నచ్చని నియమమైనా రాసి ఉంటే కోర్టు దాన్ని చదవగలదు. రాయని ఒప్పందాన్ని ఏ కోర్టూ చదవలేదు. ఈ ప్రాంతంలో ఇది కొత్త సమస్యేమీ కాదు. విశాఖ మద్రాసు ప్రెసిడెన్సీలో ఉన్నప్పుడు 1817 నాటి 7వ రెగ్యులేషన్ మసీదులు, గుడులు, కళాశాలల ధర్మాదాయాలను ఒకే రెవెన్యూ బోర్డు కింద పెట్టింది. 1863 చట్టంతో సర్కారు చేతులు దులుపుకుని స్థానిక కమిటీలకు వదిలేసింది. చేతులు పెట్టడం, దులుపుకోవడం అన్న ఈ రెండింటి మధ్యే మనం రెండు వందల ఏళ్లుగా ఊగుతున్నాం.

చిన్న మక్తబ్‌కు ఇంత తతంగం మోయగల శక్తి ఉందా అన్నది మిగిలిన ప్రశ్న, నాకు నిజంగా కష్టంగా తోచేది ఇదే. ముప్పై మంది పిల్లలు, ఒక హాఫిజ్‌సాబ్, నెలకు కొన్ని వేల చందా ఉన్న చోట ఆడిటర్‌ను పెట్టమనడం క్రూరత్వం. వక్ఫ్ చట్టమే ఏడాది నికరాదాయం లక్ష రూపాయలు దాటిన వక్ఫ్‌లకే ఏటా బోర్డు ఆడిటర్ తప్పనిసరి అంటోంది. కాని ఆడిటర్ అక్కర్లేని చోట కూడా కొన్ని పనులకు పైసా ఖర్చు కాదు. స్థలం ఏ హోదాలో ఇస్తున్నారో దాత ఒక్క పేజీలో రాయడం, కమిటీ పదవీకాలం ఎన్నాళ్లో చెప్పడం, రసీదు పుస్తకం మొత్తాన్ని ఏడాదికోసారి మసీదు నోటీసు బోర్డు మీద అంటించడం, చందా ఇచ్చేవాళ్లలోనూ పిల్లల తల్లుల్లోనూ ఒకరిద్దరిని కమిటీలోకి తీసుకోవడం. చివరిది చాలామందికి మింగుడు పడదని తెలుసు. ఆడపిల్లల మదరసా పెట్టిన ఒక మహిళ వక్ఫ్ పేరు మీద దేశమంతా చదువుకునే తీర్పు వచ్చిన రాష్ట్రాల్లో, పిల్లలను మదరసాకు పంపే తల్లికి ఆ మదరసా గురించి అడిగే చోటు లేకపోవడం ఎవరు ఎలా సమర్థిస్తారో నాకు అర్థం కాదు.

ఇందులో ప్రభుత్వం చేయాల్సింది కూడా ఉంది, అది పాఠ్యాంశాలకో పెత్తనానికో సంబంధించింది కాదు. వక్ఫ్ ట్రిబ్యునల్ మూడు నెలలకోసారైనా విశాఖలో క్యాంపు కోర్టు పెట్టాలి, శ్రీకాకుళం నుంచి కాకినాడ దాకా ఉన్న కేసులు ఇక్కడే వినాలి. వక్ఫ్ బోర్డును ఏ ప్రభుత్వం వచ్చినా ఒక్కరోజు కూడా ఖాళీగా ఉంచకూడదు. విశాఖ, అనకాపల్లి జిల్లాల మదరసా కమిటీలు ఈ రెండు డిమాండ్లనూ కలిసి ప్రభుత్వం ముందు పెట్టాలి. పెట్టడానికి వెళ్లే ముందు తమ బైలా పుస్తకం తెరిచి, తర్వాతి సదర్ ఎన్నిక తేదీ అందులో ఉందో లేదో చూసుకోవాలి.